ఆవాలు లేని పులిహోర

రోజు 211

గాలి జల్లెడలు ఆరు దులిపాను. నాలుగోదానిలో మామూలు కంటే ఎర్రధూళి ఎక్కువగా పడింది. పడమటి సొరంగం తలుపు ఎవరో సరిగా వేయడం లేదు. కరివేపాకు మొక్కకు కొత్త రెమ్మలు రెండు. ఈ నెల ఆవాలు నలభై గ్రాములు వచ్చాయి. డబ్బాలో పోసి మూత మీద తేదీ రాశాను.

ఈ రోజు మా నేల కింది ఊరు ఎర్రమిట్టలో ఉన్న నూట తొంభై ఇళ్లలోనూ పండగ వాతావరణమే. "నీలిగవ్వ రాజ్యం" కొత్త ప్రతి విడుదలైంది.

ఈ సీరియల్ నాకంటే పాతది. డెబ్భై మూడేళ్ల కిందట భూమి మీద తీశారు. అరవై భాగాలు. అక్కణ్ణుంచి మొదటి ఓడలో ఇక్కడికి వచ్చిన వాళ్లు వెంట తెచ్చిన పాత ప్రతినే ఇన్నాళ్లూ చూశాం. అందులో బొమ్మంతా రవ్వ జల్లినట్టు ఉంటుంది. చీకటి సన్నివేశం వస్తే మాంత్రికుడి ముఖం నాలుగు చదరపు ముక్కలైపోతుంది. మా వారు శేషగిరి గారి పని నేల పైన ఉన్న కెమెరాలను చూసుకోవడం. ఆ కెమెరాల బొమ్మల మీద పడే ధూళి మచ్చల్ని చెరిపేయడానికి ఆయన "చీపురు" అనే ప్రోగ్రామ్ రాశారు. ధూళిని తుడిచేది సీరియల్‌ను మాత్రం ఎందుకు తుడవదని ఒకరోజు భోజనాల దగ్గర అన్నారు. యంత్రం ఖాళీగా ఉన్న గంటలన్నీ పోగుచేసి ఎనిమిది నెలలు నడిపించారు. నాణ్యతకు, ఊరి వీడియోలన్నీ దాచే భాండాగారం వాళ్లు వేసిన మార్కులు: పాతదానికి యాభై ఎనిమిది, కొత్తదానికి తొంభై ఏడు.

రోజుకో భాగం, సాయంత్రం నాలుగు గంటల టీ వేళ. మొదటి భాగం చూడడానికి పక్కింటి బాలమణి, ఆమె భర్త యాదగిరి, కూతురు విన్నీ మా ఇంటికే వచ్చారు. సముద్రం కనిపించగానే మా అత్తయ్య సువర్చల గారు కుర్చీలో ముందుకు జరిగారు.

"ఒరేయ్ శేషగిరీ, ఇది నీలంగా ఉందిరా! ఇన్నాళ్లూ బురదగుంట అనుకున్నాను."

"రాణి చీరెకు జరీ అంచున్నదని ఇయ్యాల్నే ఎరికైంది వదినె," అంది బాలమణి.

అత్తయ్యకు ఈ సీరియల్ మీద ప్రత్యేక హక్కు ఉంది. తొమ్మిదో భాగంలో గవ్వ ఉయ్యాలలో నవ్వే యువరాణి ఆవిడే. అప్పటికి ఆవిడకు ఏడు నెలలు. ఎర్రమిట్టకు కొత్త కుటుంబం ఏది వచ్చినా, సామాన్లు దించకముందే వెళ్లి ఆ సంగతి చెప్పి వస్తారు.

భాండాగారంలో ఒక పేరుకు ఒకే ప్రతి ఉండాలి. చోటు తక్కువ. 240వ రోజున పాత ప్రతిని చెరిపేస్తారట.

"చెరిపేయనీ. దాన్ని చూసి చూసే నా కళ్లజోడు నంబరు పెరిగింది," అన్నారు అత్తయ్య.

రోజు 214

జల్లెడలు ఆరు. నీళ్ల తొట్టి కడిగాను.

నాలుగో భాగంలో రాణి పట్టాభిషేకం విందు. కెమెరా ఆకు దగ్గరికి వెళ్లి పులిహోర మీద ఆగుతుంది. కొత్త ప్రతిలో మెతుకు మెతుకూ లెక్కపెట్టవచ్చు. పసుపు పట్టిన అన్నం, పల్లీలు, ఎండుమిరప ముక్కలు, కరివేపాకు, అన్నీ కంటికి ఆనుతున్నాయి. కానీ ఏదో వెలితి. టీ గ్లాసు కింద పెట్టి మళ్లీ చూశాను.

"బాలమణీ, ఆవాలు లేవు."

"ఏం లెవ్వు?"

"పులిహోరలో. ఒక్క గింజ కూడా లేదు."

బాలమణి కళ్లు చిన్నవి చేసి చూసింది. "నిజమే వదినె! ఆవాలు లేకుంట పోపెట్ల పెట్టిన్రు? రాజుల ఇంట్ల గూడ రేషనేనా?"

నెలకు నలభై గ్రాములతో సరిపెట్టుకునే వాళ్లకు ఆవాలు కనబడకపోతే తెలియకుండా ఉండదు. పాత ప్రతిలో అదే చోటు తీసి చూశాను. రవ్వ రవ్వగా ఉన్నా నల్లగా, నిక్షేపంగా ఉన్నాయి. మూడుసార్లు లెక్కపెట్టాను: 38, 38, 37. 38 అని రాసుకున్నాను.

మా వారికి చెబితే నవ్వారు. "ఆవగింజంత తప్పు కూడా వదలవు హైమా. చిన్నగా, నల్లగా ఏది కనిపించినా చీపురు ధూళి అనుకుంటుంది. అది నేర్చుకున్నది బయటి కెమెరాల దగ్గర. అక్కడ పోపు ఎవరు పెడతారు?"

నేనూ నవ్వాను.

రోజు 217

ఈ రోజు అంత నవ్వు రాలేదు. ఏడో భాగంలో రాణికి చిట్టిచీమ అనే మంత్రి ఉంటుంది. కోటగోడల సందుల్లో దూరి కబుర్లు తెస్తుంది. రాణి దాన్ని అరచేతిలో పెట్టుకుని సలహా అడుగుతుంది. కొత్త ప్రతిలో అరచెయ్యి ఖాళీ. రాణి ఖాళీ చేతిని ముఖం దగ్గర పెట్టుకుని, "నువ్వు లేకపోతే నేనేమైపోదునో" అంటూ కన్నీళ్లు పెట్టుకుంది.

"రాణికి పిచ్చి లేశిందా అత్తమ్మా?" అని నన్ను అడిగింది విన్నీ. దానికి ఆరేళ్లు.

ఎర్రమిట్టలో పుట్టిన పిల్లలు చీమను చూడలేదు. వాళ్లకు చీమంటే ఈ సీరియల్లో చూసిందే. పాత ప్రతి తీసి విన్నీకి చిట్టిచీమను చూపించాను. రెండు చేతులూ జోడించి నమస్కారం పెట్టింది.

రోజు 219

జల్లెడలు దులపలేదు. రేపు పన్నెండు దులపాలి.

తొమ్మిదో భాగం. అత్తయ్య ఉదయమే తలంటు పోసుకుని, ఉన్న ఒక్క పట్టుచీర కట్టుకున్నారు. మా వరుస ఇళ్ల వాళ్లంతా వచ్చారు. ముప్పై ఒక్క మంది. టీ రెండు విడతలు పెట్టాను. పన్నెండో నిమిషంలో గవ్వ ఉయ్యాల తెరుచుకుంది. బోసినోటితో పాప నవ్వింది. బుగ్గ కడిగిన వెన్నముద్దలా ఉంది. అందరూ చప్పట్లు కొట్టారు.

అత్తయ్య కొట్టలేదు. తెర వంక చూస్తూ, "ఈ పిల్ల నేను కాదు," అన్నారు.

ఎందుకన్నారో మా ఇంట్లో అందరికీ వెంటనే అర్థమైంది. ఆ కథ వందసార్లు విన్నాం. షూటింగు రోజున అత్తయ్య తల్లి తాయారు గారు ఉయ్యాల పక్కన, కెమెరాకు కనిపించకుండా నిలబడ్డారట. అన్నీ సిద్ధం చేసి కెమెరా తిప్పడం మొదలుపెట్టాక ఆవిడకు గుర్తొచ్చింది, బిడ్డకు దిష్టిచుక్క పెట్టలేదని. ఇంతమంది కళ్లు పడే బిడ్డ! చెయ్యి చాపి, బొటనవేలితో బుగ్గన కాటుక చుక్క పెట్టేశారు. ఆ స్పర్శకే పాప నవ్వింది. మళ్లీ ఎంత ఆడించినా నవ్వలేదు కాబట్టి దర్శకుడు ఆ ముక్కనే ఉంచేశాడు. పాత ప్రతిలో పక్క నుంచి ఒక బొటనవేలూ, చూపుడువేలూ రెండు క్షణాలు వచ్చి పోతాయి.

అత్తయ్యకు మూడేళ్లు నిండకముందే తాయారు గారు పోయారు. ఆ ఊరూ, ఇల్లూ, అందులో ఉన్న ఫొటోలూ తర్వాత వచ్చిన ఉప్పెనలో కొట్టుకుపోయాయి. తల్లిది అంటూ అత్తయ్య చూసింది ఆ రెండు వేళ్లే. ఏటా పుట్టినరోజున ఒక్కసారి వేయించుకుని చూసి, "ఇక చాలు" అంటారు.

కొత్త ప్రతిలో చుక్క లేదు. వేళ్లు లేవు. పాప ఊరికే నవ్వుతోంది.

ఇళ్లలో ఏ ప్రతినీ దాచుకునే వీలు లేదు. అంతా భాండాగారం నుంచే రావాలి. పాతది చెరిపేయడానికి ఇరవై ఒక్క రోజులు ఉన్నాయి.

రోజు 220

జల్లెడలు పన్నెండు.

మా వారు పొద్దున్న నుంచి ప్రోగ్రామ్ ముందేసుకుని కూర్చున్నారు. మధ్యాహ్నం వంటింట్లోకి వచ్చి పీట మీద కూలబడ్డారు.

"చుక్క సంగతి ఆవాల సంగతే. చెయ్యి ఎందుకు పోయిందో ఇప్పుడు దొరికింది. బయటి కెమెరా అద్దాన్ని తుడవడానికి ఒక తుడుపుకర్ర ఉంటుంది కదా. అది పక్క నుంచి వచ్చి తుడిచి వెళ్లిపోతుంది. బొమ్మలో అది కనబడకుండా తీసేయమని చీపురుకు నేనే నేర్పాను. మా అమ్మమ్మ చేతిని తుడుపుకర్ర అనుకుంది హైమా."

అత్తయ్య అవతలి గదిలోంచే విన్నారు. "పోనీలేరా. ఆవిడే బతికుంటే నీ చెవి మెలిపెట్టి ఉండేది. అదొక్కటీ తప్పింది నీకు."

దిద్ది మళ్లీ నడపాలంటే ఎనిమిది నెలలు పడుతుంది. దిద్దడానికైనా పాత ప్రతి బతికి ఉండాలి కదా.

రోజు 222

భాండాగారానికి వెళ్లాను. భాండాగారి కొమురయ్య గారు మంచివారే కానీ, నియమాల పుస్తకం పక్కన లేకపోతే ఆయనకు మాట రాదు.

"సూడమ్మా, నాకు నీలిగవ్వ అయినా ఒకటే, నల్లగవ్వ అయినా ఒకటే. పుస్తకంల ఏమున్నదో గదే. తొంభై ఏడు ఉంటది, యాభై ఎనిమిది పోతది."

"కొత్తది తప్పుల తడక అయితే?"

ఆయన పుస్తకం తిప్పి పద్నాలుగో నియమం చదివారు. కొత్త ప్రతిలో నూరు లోపాలు, భాగం, నిమిషం, క్షణంతో సహా రాసిస్తే ఆ ప్రతిని తిరస్కరించి పాతదాన్ని ఉంచాలి.

"ఇరవై ఏండ్లల్ల ఎవ్వలు రాయలే," అన్నారు. "నూరు లోపాలు కూసొని రాసేటంత ఓపిక ఎవలికుంటదమ్మా?"

"నాకుంటుందండీ. ముప్పై ఎనిమిది ఇక్కడే ఉన్నాయి." ఆవాల లెక్క ముందు పెట్టాను.

కళ్లజోడు సవరించుకుని చదివారు. "ఒక్క పులిహోరకు ఒక్కటే లోపం."

"పులిహోర ఒకటే కానీ గింజలు ముప్పై ఎనిమిది కదండీ."

"గట్లయితె ఇరవయ్యో భాగంల ఎడారి ఉన్నది. రేపు ఇసుక గింజకొక లోపమంటవు. నేను ఇండ్లకు పోవద్దా?"

ఆయన మాట న్యాయంగానే ఉంది. ముప్పై ఎనిమిది కొట్టేసి ఒకటి అని రాసుకున్నాను.

రోజు 229

జల్లెడలు ఆరు. కరివేపాకు రెమ్మలు మూడు. లోపాలు అరవై మూడు.

పద్ధతి కుదిరింది. టీ వేళ భాగం కోసం ఆగకుండా అన్ని భాగాలూ భాండాగారం నుంచి తెప్పించుకుని, రెండు తెరలు పక్కపక్కన పెట్టుకున్నాం. పాత ప్రతి బాలమణి చూస్తుంది, కొత్త ప్రతి నేను చూస్తాను. ఆమె "కాకులు నాలుగు" అంటుంది. నేను "లేవు" అంటాను. రాస్తాను. సేనాపతి గడ్డం మీది పుట్టుమచ్చ లేదు. మాంత్రికుడి తావళంలో పూసలు పోయి దారం మిగిలింది. నలభై ఒకటో భాగంలో రాణి మెడలో నల్లపూసలు కూడా మాయం.

"రాజు పక్కనే నిలబడి ఉన్నడు గద వదినె! పాపం, బతికుండంగనే తీసిచ్చినట్టున్నది," అంది బాలమణి. ఇద్దరం నవ్వు ఆపుకోలేక తెరలు రెండూ ఆపి కూర్చున్నాం.

వరుస వరుసంతా సాయానికి వస్తున్నారు. అందరి మాటా రాయడానికి కుదరదు. రాక్షసి మీసం పోయిందని పిల్లలు పరుగెత్తుకొచ్చారు. వెతికి చూస్తే ఆవిడకు పాత ప్రతిలోనూ మీసం లేదు. కొట్టేశాను.

యాదగిరి మాత్రం కొత్త ప్రతి పక్షం. "మీ పాతది సూస్తుంటె ఇసుక తుఫానుల నిలబడ్డట్టుంటది వదినమ్మా. నీలం సముద్రం ఇడిశిపెట్టి బురదనీళ్లు ఎవలు తాగుతరు?"

అతను అన్నదాంట్లో అబద్ధం లేదు. పుస్తకంలో వెనక పేజీ తీసి "కొత్త ప్రతిలో మంచివి" అని శీర్షిక పెట్టి రాశాను: సముద్రం, జరీ, మాంత్రికుడి ముఖం, ముప్పై మూడో భాగంలో వాన. ఒక వైపే రాస్తే అది లెక్క అనిపించుకోదు.

రోజు 234

అరవై భాగాలూ పూర్తయ్యాయి. నూట నాలుగు లోపాలు. శుభ్రంగా తిరగరాసి ఉదయం పదింటికి కొమురయ్య గారి చేతికిచ్చాను. ఆయన గంటన్నర చదివారు. మధ్యలో రెండుసార్లు "అబ్బో" అన్నారు. అది మెచ్చుకోలే అనుకున్నాను.

తర్వాత ఎర్ర కలం తీశారు. దిష్టిచుక్కలన్నీ కొట్టేశారు. ఈ సీరియల్లో పసిపిల్లలు, పెళ్లికూతుళ్లు, కొత్తగా కట్టిన కోటలు, ఒక గుర్రప్పిల్ల, అన్నిటికీ కలిపి చుక్కలు ఇరవై ఏడు.

"ఇది లోపమెట్లయితదమ్మా? మచ్చలు తీసుడే గద చీపురు పని. మచ్చ తీసిందని మచ్చ పెడుతున్నవా?"

"అది మచ్చ కాదండీ. దిష్టిచుక్క."

"నల్లగ ఉన్నదా? ఉన్నది. చిన్నగ ఉన్నదా? ఉన్నది. బుగ్గ మీద పుట్టుకతోటి వచ్చిందా? రాలే. మరి మచ్చ కాక ఏందది?"

నాకు తెలిసిన సంగతే అయినా నియమాల పుస్తకం ముందు దాన్ని ఎలా చెప్పాలో తెలియలేదు. డెబ్భై ఏడు మిగిలాయి.

ఇంటికి వచ్చి చారు పెట్టాను. ఉప్పు రెండుసార్లు వేశాను.

"ఏం కాదులే, నీళ్లు పొయ్యి," అన్నారు అత్తయ్య. "చెరిపేస్తే చెరిపేయనీవే అమ్మాయ్. డెబ్భై ఏళ్లు చూశాను. కళ్లు మూసుకుంటే కనిపిస్తుంది."

భోజనం అయ్యాక, పుట్టినరోజు కాకపోయినా, పన్నెండో నిమిషం ఒకసారి వేయమన్నారు. చూశారు. "ఇక చాలు" అనలేదు. మళ్లీ వేయమన్నారు.

రోజు 236

మొదటి భాగం నుంచి మళ్లీ మొదలుపెట్టాం. కొత్తగా నాలుగు దొరికాయి. ఎనభై ఒకటి. బాలమణి కళ్లు ఎర్రబడ్డాయి. దోసకాయ చక్రాలు పెట్టుకుని పడుకోమని పంపించాను. ఇంకో పంతొమ్మిది కావాలి. ఇంకా ఉన్నాయని నేను నమ్మడం లేదు.

మధ్యాహ్నం తూర్పు సొరంగం నుంచి పొగ గంట మోగింది. తలుపులు వాటంతట అవే మూసుకున్నాయి. నలభై నిమిషాలకు తెరుచుకున్నాయి. ఎవరికీ ఏమీ కాలేదని ప్రకటించారు. కారణం చెప్పలేదు.

రోజు 237

కారణం కాళ్లతో నడిచి మా ఇంటికే వచ్చింది.

నాలుగింటికి టీ పోస్తుంటే కొమురయ్య గారు గుమ్మంలో నిలబడ్డారు. నియమాల పుస్తకం చంకలో లేదు. ఏదో పోగొట్టుకున్న మనిషిలా ఉన్నారు.

"కూర్చోండి బాబూ," అన్నారు అత్తయ్య. "టీ తాగుతారా?"

"తాగుత పెద్దమ్మా. నిన్నటి సంది మా ఇంట్ల నాకు టీ పోస్తలేరు."

సంగతి ఇది. నిన్న ఆయన మనుమరాలి తొట్టెల పండుగ. ఆ వీడియో ఎర్రమిట్టలో అందరిళ్లకూ పంపించారు. ఈ నెల నుంచి భాండాగారంలోకి వచ్చే ప్రతి బొమ్మనూ చీపురుతో తుడిచే పంపుతున్నారు. నియమం ఆయనే పెట్టారు. పాప బుగ్గ మీద వాళ్ల ఇంటావిడ పెట్టిన చుక్క తుడుచుకుపోయింది. నూట తొంభై ఇళ్ల వాళ్లూ చుక్క లేని పాపను చూసి ఎంత ముద్దుగా ఉందో అని మెచ్చుకున్నారు.

"అందరు ముద్దుగున్నది, ముద్దుగున్నది అనుడు మొదలువెట్టిన్రు. మా ఇంటామె గుండె జారిపోయింది. మిరపకాయలు, ఉప్పు తెచ్చి దిష్టి తీసి, పొయ్యిల ఏసింది. ఎర్రమిట్టల మిరపకాయలు కాలవెడితె ఊకుంటదా? పొగ గంట మోగింది. తలుపులు పడ్డయి. నేను రెండు తలుపుల నడుమ లడ్డూల తట్టతోటి నలభై నిమిషాలు నిలవడ్డ."

అత్తయ్య కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఏడుస్తున్నారేమో అనుకున్నాను. కాదు, నవ్వుతున్నారు.

"ఎన్ని తిన్నారు?"

"ఆరు," అన్నారు కొమురయ్య గారు. "గది కాదు పెద్దమ్మా. తలుపు తెరుసుకున్నంక మా ఇంటామె ఒక మాటన్నది. 'మచ్చ అంటె పడేది. సుక్క అంటె పెట్టేది. పడ్డదాన్ని ఊడ్వాలె గని, పెట్టినదాన్ని గూడ ఊడుస్తరా? నీకు ఇరవై ఏండ్ల నౌకరీల గిది తెల్వలేదా?' అన్నది."

మూడు రోజులుగా నేను వెతుకుతున్న మాట అదే.

ఆయన జేబులోంచి నా జాబితా తీశారు. ఎర్ర కలంతో కొట్టేసిన ఇరవై ఏడు చోట్లా పక్కన "ఉండాలె" అని రాసి, పొట్టి సంతకం పెట్టారు. కొత్తగా దొరికిన నాలుగూ చూశారు. అందులో ఒకటి, ముసలి వంటలక్క పంటి మీద నల్లమచ్చ, కొట్టేశారు.

"ఇది పడ్డదే. పెట్టినది కాదు. పోనియ్యి."

నిక్కచ్చి మనిషి. నూట ఏడు.

రోజు 240

జల్లెడలు ఆరు. ఉదయమే దులిపేశాను, మధ్యాహ్నం పని ఉందని.

ప్రతిని తిరస్కరించే ముందు లోపాల్లో ఒకదాన్ని ఊరందరి ముందూ రెండు ప్రతుల్లోనూ వేసి చూపించాలట. ఏది వేయమంటారని కొమురయ్య గారు అడిగారు. నేను ఆవాలు అనబోయాను. మా వారు నా చెయ్యి నొక్కారు. అత్తయ్య జాబితా మీద వేలు పెట్టి, "తొమ్మిదో భాగం, పన్నెండో నిమిషం," అన్నారు.

పెద్ద హాలు. నూట అరవై మంది. ఇక్కడి గోడను ఇప్పటివరకు పంటల పటాలు వేసి చూపడానికే వాడారు. సీరియల్ వేయడం ఇదే మొదటిసారి.

ముందు కొత్త ప్రతి. పాప ఊరికే నవ్వింది. అందంగానే ఉంది.

తర్వాత పాతది. రవ్వ, బురద సముద్రం, అంచుల్లో చారలు. యాదగిరి "ఇసుక తుఫాను" అని గొణిగాడు. బాలమణి మోచేత్తో పొడిచింది. ఉయ్యాల తెరుచుకుంది. కుడి పక్క నుంచి చెయ్యి వచ్చింది.

రెండు వేళ్లే వస్తాయని అనుకున్నాం. మొత్తం చెయ్యి వచ్చింది. మణికట్టు దాకా. నాలుగు గాజులు. గాజుల పైన చిన్న కాలిన గుర్తు, మూకుడు తగిలితే పడేలాంటిది. ఇళ్లలోని తెరలు బొమ్మ అంచుల్ని కాస్త కోసేస్తాయని మా వారు తర్వాత చెప్పారు. గోడకు ఆ అవసరం లేదు. డెబ్భై మూడేళ్లూ ఆ చెయ్యి అంచులోనే ఉంది.

"ఆపండి," అన్నారు అత్తయ్య.

బొమ్మ ఆగింది. అత్తయ్య లేచి గోడ దగ్గరికి వెళ్లారు. చాలాసేపు చూశారు.

"హైమా, అది ఏ చెయ్యి?"

అడిగింది నాకు అర్థం కాలేదు. ఆవిడ మళ్లీ అన్నారు, "కుడా, ఎడమా?"

చేతి వెనక వైపు మనకు కనిపిస్తోంది. బొటనవేలు పైకి ఉంది. నా కుడిచెయ్యి అలా చాపి చూశాను. బొటనవేలు కిందికి వచ్చింది. ఎడమచెయ్యి చాపాను. అచ్చంగా అతికినట్టు సరిపోయింది. తల తిప్పి చూస్తే హాల్లో అందరూ చేతులు చాపి ఉన్నారు. కుడి, ఎడమ, మళ్లీ కుడి. పిల్లలు బెంచీల మీద నిలబడి గాల్లో చుక్కలు పెడుతున్నారు. కొమురయ్య గారు కలం పళ్లతో పట్టుకుని రెండు చేతులూ చాపారు.

"ఎడమే!" అంది బాలమణి.

"బొమ్మ తిరగేసి ఏయలేదు గద?" అన్నాడు యాదగిరి.

అడగవలసిన ప్రశ్నే. బొమ్మంతా వెతికాను. ఉయ్యాల వెనక నిలబడ్డ దాసి పైట ఎడమ భుజం మీదే ఉంది. "తిరగేయలేదు," అన్నాను. "ఎడమచెయ్యే అత్తయ్యా."

అత్తయ్యది ఎడమచేతివాటం. నాయనమ్మ పెంపకంలో దాన్ని మాన్పించడానికి చిన్నప్పుడు చేతికి గుడ్డ కట్టేవారట. అన్నం కుడిచేత్తో, రాత కుడిచేత్తో. ఏడిస్తే, "ఎవరి పోలికే ఇది నీకు, మా వంశంలో లేదు" అని తిట్టేవారట. ఎవరి పోలికో చెప్పే వాళ్లు ఆ ఇంట్లో మిగల్లేదు. ఇదంతా అత్తయ్య హాలు మధ్యలో నిలబడి, నవ్వుతూ, కళ్లు తుడుచుకుంటూ చెప్పారు. ఇరవై ఐదేళ్ల కాపురంలో నాకు ఒక్కసారీ చెప్పలేదు.

"ఓ నాయనమ్మా, విన్నావా!" అని పైకప్పు వంక చూసి కేకేశారు. "మా అమ్మ పోలిక!"

హాలంతా ఒక్కసారి గొల్లున నవ్వింది. మా వారు ఒక మూల నిలబడి ముక్కు తుడుచుకుంటున్నారు.

కొమురయ్య గారు పుస్తకం బల్ల మీద పెట్టి చదువుతూ రాశారు. "పాత ప్రతి ఉండాలె. తొమ్మిదో భాగం, పన్నెండో నిమిషం. చెయ్యి. ఎవలిదని రాయాలె పెద్దమ్మా?"

"కానుకొల్లు తాయారు. ఎడమచేతివాటం మనిషి అని కూడా రాయి బాబూ."

రాసి, సంతకం కోసం పుస్తకం ఆవిడ వైపు తిప్పారు. అత్తయ్య అలవాటుగా కలం కుడిచేత్తో అందుకున్నారు. ఒక్క క్షణం ఆగి చెయ్యి మార్చుకున్నారు. "సు" దగ్గర కొమ్ము పక్కకు ఒరిగింది, "వ" గీత దాటింది, "ర్చ" దగ్గర సిరా అలుక్కుంది. ఆవిడ తొందరపడలేదు. "ల" చివరి మెలిక కూడా తిప్పేదాకా నూట అరవై మందిమీ నిలబడే ఉన్నాం.